బుడ్డా అరుణారెడ్డి

బుడ్డా అరుణారెడ్డి హైదరాబాదుకు చెందిన జిమ్నాస్టిక్స్ క్రీడాకారిణి. ఈమె 1995 డిసెంబరు 25న జన్మించింది. జిమ్నాస్టిక్స్ ప్రపంచ కప్పులో వ్యక్తిగత పతకం సాధించిన తొలి భారతీయురాలిగా ప్రసిద్ధి చెందింది.

క్రీడా ప్రవేశం

అరుణ మొదట కరాటే అభ్యసించి బ్లాక్ బెల్టు పొందింది. ఆమె శరీరంలోని ఒడుపును గుర్తించిన తండ్రి ఆమెను జిమ్నాస్టిక్స్ వైపు మళ్ళించాడు. హైదరాబాదులోని లాల్ బహదూర్ స్టేడియంలో శిక్షణ పొంది, 2014లో గ్లాస్గో కామన్వెల్త్ క్రీడలలో పాల్గొన్నది.

మెల్‌బోర్న్ పతకం

మహిళల జిమ్నాస్టిక్స్‌లోని నాలుగు అంశాలలో వాల్ట్ ఒకటి. క్రీడాకారిణి పరుగున వచ్చి, 125 సెంటీమీటర్ల ఎత్తైన బల్లపై చేతులు మోపి, గాలిలో మలుపులు తిరిగి నేలపై నిలవాలి. ఫైనలులో భిన్నమైన రెండు వాల్టులు చేయవలసి ఉంటుంది. వాటి సగటే తుది స్కోరు. కనుక ఒక్క వాల్టు చెడినా పతకం చేజారుతుంది.

2018 ఫిబ్రవరిలో మెల్‌బోర్న్‌లో జరిగిన ప్రపంచ కప్పు పోటీలో అరుణ 13.649 పాయింట్లతో కాంస్యం గెలిచింది. స్లొవేనియా క్రీడాకారిణి త్యాషా కిసెలెఫ్ (13.800) స్వర్ణం, ఆస్ట్రేలియాకు చెందిన ఎమిలీ వైట్‌హెడ్ (13.699) రజతం పొందారు. రజతానికీ కాంస్యానికీ మధ్య తేడా 0.050 మాత్రమే. అరుణ ఈ పతకాన్ని అప్పటికే మరణించిన తండ్రికి అంకితమిచ్చింది. ప్రపంచ కప్పు, ప్రపంచ ఛాంపియన్‌షిప్ వేర్వేరు పోటీలని గమనించాలి.

తరువాతి పోటీలు

2018 జకార్తా ఆసియా క్రీడలలో వాల్ట్ ఫైనలుకు చేరింది. తరువాత మోకాలికి శస్త్రచికిత్స జరగడంతో కొంతకాలం పోటీలకు దూరమైంది. 2021లో తిరిగి బరిలో దిగి, ఈజిప్టు రాజధాని కైరోలో జరిగిన ఫారో కప్పులో వాల్ట్, ఫ్లోర్ అంశాలు రెండింటిలోనూ స్వర్ణ పతకాలు సాధించింది.