గెర్ట్ ఫ్రోబె
గెర్ట్ ఫ్రోబె (1913–1988) జర్మన్ క్యారెక్టర్ నటుడు, అనగా నాయక పాత్రలకన్నా విలక్షణ స్వభావం గల పాత్రలకు పేరొందిన నటుడు. సాక్సనీలో జన్మించి, యౌవనంలో వయొలిన్ వాయించి, నాటకరంగం మీదుగా సినిమాకు వచ్చిన ఇతడు 1948లో ‘బెర్లినర్ బల్లాడె’లో యుద్ధానంతర సామాన్య జర్మనుడిగా బక్కపలుచని రూపంతో కనిపించాడు, తరువాతి స్థూలకాయాన్ని ఎరిగినవారు ఆ రూపాన్ని పోల్చుకోవడం కష్టమే. 1958 నాటి ఒక నేరపరిశోధన చిత్రంలో పసిపిల్లల హంతకుడిగా అతడు ప్రదర్శించిన, పైకి మెత్తగా ఉంటూనే జంకు పుట్టించే నటనే 1964లో జేమ్స్ బాండ్ చిత్రం ‘గోల్డ్‌ఫింగర్’లో ప్రతినాయక పాత్రను తెచ్చిపెట్టింది. ఇంగ్లీషుపై పట్టు చాలనందున ఆ పాత్రకు మైకేల్ కాలిన్స్ డబ్బింగ్ చెప్పాడు. పూర్వపు నాజీ పార్టీ సభ్యత్వం వెల్లడి కావడంతో ఇజ్రాయెల్‌లో అతని చిత్రాలపై విధించిన నిషేధం, యుద్ధకాలంలో అతడు యూదు తల్లీకొడుకులను దాచి కాపాడాడని తెలిశాక తొలగిపోయింది.