జెండా, కులం సర్టిఫికెట్



ఆగస్టు 15న దేవనకొండలో సంతోషంగా జెండా వందనం చేస్తాం. కులం సర్టిఫికెట్ కోసం వెళ్లినప్పుడు మాత్రం మనలో చాలామందికి గుండె బరువెక్కుతుంది.

ఎస్సీ హోదాకు మతాన్ని ముడిపెట్టింది 1950 రాష్ట్రపతి ఉత్తర్వు. 1956లో సిక్కు దళితులందరికీ, 1990లో బౌద్ధులకూ తలుపు తెరిచారు. క్రైస్తవులైన దళితులు మన రాష్ట్రంలో బీసీ-సి కిందే ఉన్నారు. వీరిని ఎస్సీల్లో చేర్చమని 2023 మార్చిలో మన శాసనసభ కేంద్రాన్ని కోరింది.

బాప్తిస్మం పొందినా ఊరు మన కులాన్ని మరువలేదు, కాగితమే మరిచింది.

అయినా అంటరానితనాన్ని రద్దుచేసిన 17వ అధికరణం, విశ్వాస స్వేచ్ఛనిచ్చిన 25వ అధికరణం ఈ దేశ రాజ్యాంగంలోనివే.

చెరలో ఉన్నవారినే ఆ పట్టణ క్షేమం కోసం ప్రార్థించమన్నాడు దేవుడు (యిర్మీయా 29:7). మనం సొంత ఇంట్లో ఉన్నాం. ఇంటి కోసం ప్రార్థిద్దాం. ఇంటి బిడ్డ తన భాగం అడగడం తప్పు కాదు. ఆమేన్.