జెండా ఎవరు గీశారు, ఎవరు ఎగరేశారు?

కొత్తగూడెం బళ్లో ఏ పిల్లను అడిగినా జాతీయ జెండా రూపకర్త పింగళి వెంకయ్య అనే చెబుతుంది. పాఠ్యపుస్తకం అక్కడితో ఆగిపోతుంది. భట్లపెనుమర్రులో పుట్టిన ఆ మనిషి శ్రమను మేము తక్కువ చేయడం లేదు. 1916లోనే జెండా మీద ఇంగ్లీషులో పుస్తకం వేసినవాడు. పత్తి మీద పరిశోధన చేసి 'పత్తి వెంకయ్య' అనిపించుకున్నవాడు.

అయితే 1921లో బెజవాడ కాంగ్రెసు సమావేశాల్లో ఆయన గాంధీకి చూపించింది ఈ జెండా కాదు. అందులో రెండే రంగులు. ఎరుపు హిందువులది, ఆకుపచ్చ ముస్లింలది. మిగతా మతాల కోసమని గాంధీ తెలుపు చేర్పించాడు. రాట్నం సలహా జలంధర్ లాలా హంసరాజ్‌ది. మరి అంటరానివాళ్లది ఏ రంగు? ఎరుపు లెక్కలో కలిపేశారు, మనల్ని అడిగి మాత్రం కాదు. రంగులకు మతం అర్థం లేదని చెప్పడానికి 1931 దాకా పట్టింది.

1947 జూన్‌లో రాజ్యాంగ సభ వేసిన జెండా కమిటీకి రాజేంద్రప్రసాద్ అధ్యక్షుడు, అంబేద్కర్ ఒక సభ్యుడు. జూలై 22న సభ ఆమోదించిన జెండాలో రాట్నం పోయి సారనాథ్ అశోక స్తంభపు చక్రం వచ్చింది. ఈ సూచన తయబ్జీ దంపతులదని కొందరు, అంబేద్కర్‌దని కొందరు అంటారు. బౌద్ధ చక్రం గనక అంబేద్కర్ ఒక్కడి ఖాతాలో వేసేద్దామనే తొందర మనకొద్దు. ఒకే పేరు పెట్టే పద్ధతినే గదా మనం ప్రశ్నిస్తున్నది!

ఆ రోజే సభలో జైపాల్ సింగ్ లేచి, జెండాలెత్తి వాటి కోసం పోరాడిన మొదటివాళ్లు ఆదివాసులే అన్నాడు. ఛోటా నాగపూర్‌లో ఊరూరికీ సొంత జెండా ఉంటుందన్నాడు. మన ఏజెన్సీలో కోయల పడిగెలు చూసినవాళ్లకు ఈ మాట కొత్త కాదు. గుడ్డ మీద బొమ్మలుగా గోత్రాల కథ ఉంటుంది, డోలీలు దాన్ని విప్పి పాడతారు. అది జెండా చరిత్ర కాదా?

ఇక 1947 ఆగస్టు 15 సంగతి. గోదావరి అవతల భద్రాచలం మద్రాసు రాష్ట్రంలో ఉంది, అక్కడ ఆ జెండాకు అడ్డు లేదు. ఇవతల కొత్తగూడెం నిజాం రాజ్యం, ఇక్కడ అదే గుడ్డ ఎగరేస్తే జైలు. 1948 సెప్టెంబరు 17 దాకా ఇదే తీరు. ఆ పదమూడు నెలలు బొగ్గుబావుల దగ్గర దాన్ని ఎవరు కుట్టారు, ఎవరు దాచారు, ఎవరు దెబ్బలు తిన్నారు? సింగరేణి బస్తీల్లో, కోయగూడేల్లో ఇంకా మిగిలిన ముసలివాళ్లను, వాళ్లు పోతే వాళ్ల పిల్లలను అడిగి రాసుకోవాలి. వచ్చే సెలవుల్లో విద్యార్థులు ఈ పని మొదలుపెడితే బాగుంటుంది.