అర్జీకి జవాబు పొందే హక్కు

అర్జీ పెట్టుకున్నవారికి కార్యాలయం నుండి "వీలు కాదు" అని జవాబు వచ్చినా ఒక దారి ఉంటుంది. పై అధికారికి అప్పీలు చేసుకోవచ్చును. అసలు జవాబే రాకపోతే? ఇంక్రిమెంటు, సీనియారిటీ, పెన్షను లెక్కల విషయమై విద్యాశాఖకు అర్జీలు పెట్టి ఏళ్ల తరబడి ఎదురుచూచిన ఉపాధ్యాయులు మనలో ఎందరో ఉన్నారు. అర్జీని న్యాయంగా విచారించి తేల్చమని అధికారులను ఆదేశించవలసిందిగా హైకోర్టులో వేసే రిట్ పిటిషను అటువంటివారి కోసమే. ఆ హక్కు మనకు తేలికగా రాలేదు.

రాజ్యాంగానికి పూర్వం రిట్ల అధికారం మద్రాసు, బొంబాయి, కలకత్తా హైకోర్టులకే ఉండేది. అదీ చాలావరకు ఆ నగరాల హద్దుల్లోనే. తమ శిస్తు పెంచుతూ మద్రాసు రెవెన్యూ బోర్డు ఇచ్చిన ఉత్తర్వును కొట్టివేయమని పర్లాకిమిడి జమీందారీ రైతులు కోర్టుకెక్కారు. బోర్డు కార్యాలయం మద్రాసులో ఉన్నంత మాత్రాన గంజాం జిల్లా వ్యవహారంలో హైకోర్టు రిట్ ఇవ్వజాలదని ప్రీవీ కౌన్సిల్ 1943లో తేల్చింది. 1950 జనవరి 26న అమలులోకి వచ్చిన రాజ్యాంగంలోని 226వ అధికరణం ఈ అడ్డు తొలగించింది. మారుమూల పల్లెలోని బడిపంతులుకు సైతం తన రాష్ట్ర హైకోర్టు తలుపు తెరుచుకుంది. చట్టప్రకారం చేయవలసిన పని చేయమని అధికారిని ఆదేశించే రిట్‌ను మాండమస్ అంటారు.

మనం ముఖ్యంగా గుర్తుంచుకోదగినది బీహారు విద్యాశాఖకు సంబంధించిన దేవకీనందన్ ప్రసాద్ కేసు. ఐదేళ్లకు మించి విధులకు రాలేదంటూ ఆయన సర్వీసులో లేనట్లేనని 1966లో శాఖ ఉత్తర్వు ఇచ్చింది. 1968లో పెన్షను ఇవ్వలేమన్నది. సంజాయిషీ చెప్పుకునే అవకాశమే ఇవ్వకుండా చేసిన ఆ పని చెల్లదని 1971లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తీర్పు చెప్పింది. పెన్షను సర్కారు దయాధర్మం కాదు, ఉద్యోగి హక్కు అన్నది ఈ తీర్పులోని మాటే. అయితే కోర్టు తానే పెన్షను లెక్క కట్టలేదు. ఆయన కోరికను చట్టప్రకారం సరిగా పరిశీలించమని అధికారులను ఆదేశించింది.

ఉద్యోగుల అర్జీలను మూడు నుండి ఆరు నెలల్లోగా తేల్చాలని 1989లో రాథోర్ కేసులో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. మళ్లీ మళ్లీ అర్జీలు పెట్టినంత మాత్రాన దావా గడువు పెరగదని కూడా ఆ తీర్పే హెచ్చరించింది. "పరిశీలించండి" అని ఆదేశించేటప్పుడు దేనిని, ఏ ప్రాతిపదికన పరిశీలించాలో కోర్టులు స్పష్టం చేయాలని 2006లో మన ఆర్టీసీ కేసులో సుప్రీంకోర్టు అన్నది. ఆ స్పష్టత లేకపోతే అధికారి ఫైలు చూచి, వెనుకటి జవాబే మరల పంపవచ్చు. కాలం చెల్లిన కోరికకు కోర్టు ఉత్తర్వు మీద జవాబు వచ్చినా, పోయిన హక్కు తిరిగి రాదని 2008లో సి. జేకబ్ కేసులో స్పష్టం చేసింది.

కావున సభ్యులకు మనవి. అర్జీ ఇచ్చిన రోజే నకలుపై కార్యాలయం ముద్ర, తేదీ వేయించుకోండి. ఆరు నెలలు దాటితే జ్ఞాపికలతో కాలం గడపక న్యాయవాదిని సంప్రదించండి. పిటిషనులో గడువును, కారణాలు చూపే ఉత్తర్వును కూడా కోరండి. కాదనదలచినవారు ఎందుకు కాదంటున్నారో కాగితం మీద వ్రాసి ఇస్తేనే మనకు తరువాతి మెట్టు ఎక్కే వీలుంటుంది.