ఖమ్మం ఆస్పత్రిలో ఒక గ్లాసు

2009 నవంబర్ 29, ఆదివారం. కరీంనగర్ నుంచి, ప్రత్యేక తెలంగాణ కోసం సిద్దిపేటలో తలపెట్టిన నిరాహార దీక్షా స్థలికి బయల్దేరిన కె. చంద్రశేఖర్‌రావు (కేసీఆర్)ను అలుగునూరు దగ్గరే పోలీసులు అడ్డుకున్నారు. ఆయన రోడ్డు మీదే బైఠాయించారు. అరెస్టు చేసి ఖమ్మం జైలుకు తరలించారు. టీవీల్లో ఆ రోజంతా అదే వార్త.

హైదరాబాద్ ఎల్బీనగర్ చౌరస్తాలో అదే రోజు తెలంగాణ కోసం కాసోజు శ్రీకాంతాచారి అనే యువకుడు ఒంటికి నిప్పంటించుకున్నాడు. ఆ కుర్రాణ్ని ఎవరైనా ఆపగలిగి ఉంటే ఎంత బాగుండేది!

మర్నాడు తెర మీద ఖమ్మం ఆస్పత్రి. మంచం మీద కేసీఆర్. నోటి దగ్గర పండ్లరసం గ్లాసు. ‘దీక్ష ఇడిసిండట’ అన్న మాట దిల్‌సుఖ్‌నగర్ హాస్టళ్లలో, ఉస్మానియా క్యాంపస్‌లో గుప్పుమంది. నిన్నటిదాకా ఆయన కోసం గొంతు చించుకున్న విద్యార్థులే ఆయన మీద తిరగబడ్డారు. అక్కడ ఒకడు కాలిన గాయాలతో కొట్టుమిట్టాడుతుంటే, ఇక్కడ నాయకుడు గ్లాసెత్తడమా? దీక్ష కొనసాగుతోందని కేసీఆర్ ప్రకటించక తప్పలేదు.

డిసెంబర్ 3న శ్రీకాంతాచారి కన్నుమూశాడు. కేసీఆర్ హైదరాబాద్ నిమ్స్ ఆస్పత్రికి చేరారు. ఇక గంటగంటకూ ఆరోగ్య బులెటిన్లు, బంద్‌లు, లాఠీలు. 9వ తేదీ అర్ధరాత్రి కావస్తుండగా ఢిల్లీలో కేంద్ర హోంమంత్రి చిదంబరం కెమెరాల ముందుకొచ్చి, తెలంగాణ ఏర్పాటు ప్రక్రియ మొదలుపెడుతున్నామన్నారు. నిమ్స్‌లో తెలంగాణ సిద్ధాంతకర్త ఆచార్య జయశంకర్ నిమ్మరసం అందించగా కేసీఆర్ దీక్ష విరమించారు.

1985లో తొలిసారి ఎమ్మెల్యే అయింది మొదలు ఆయన ఎన్ని వేల గంటలు తెర మీద కనిపించారో! మాటల్లో ఆయనకు సాటి తక్కువ. 2020 మార్చిలో కరోనా ప్రెస్‌మీట్ అంటే ఇంటిల్లిపాదీ టీవీ ముందు చేరేవారు. అయినా ఆయన జీవితాన్ని మలుపు తిప్పింది ఒక్క మాటా లేని ఆ ఖమ్మం దృశ్యమేనని నా గట్టి నమ్మకం. ఆ గ్లాసును జనం చూడకపోతే, చూసి నిలదీయకపోతే, డిసెంబర్ 9 వచ్చేదా?

ఏటా నవంబర్ 29ని ఆయన పార్టీ దీక్షా దివస్‌గా జరుపుతుంది. అలుగునూరు, నిమ్స్ దృశ్యాలను తలుచుకుంటారు. ఖమ్మం దృశ్యాన్నీ వాటి పక్కన పెట్టాలి. నాయకుణ్ని మళ్లీ దీక్షలో కూర్చోబెట్టిన విద్యార్థులకు ఆ చరిత్రలో దక్కాల్సిన చోటు అదే.