పునర్వినియోగ రాకెట్లు – ప్రయోగ వ్యయం

రాకెట్ తిరిగి వస్తే చాలు, ఖర్చు తగ్గుతుందని మీరు అనుకోవచ్చు. చరిత్ర అలా చెప్పదు. అమెరికా 1981లో మొదటిసారి ప్రయోగించిన స్పేస్ షటిల్ వాహనం రన్‌వేపై దిగి, మళ్లీ ఎగిరేది. కాని ప్రతి యాత్ర తరువాత వేలాది ఉష్ణకవచ పలకలను, ఇంజన్లను పరీక్షించి బాగుచేయవలసి వచ్చేది. ఆశించిన పొదుపు దక్కలేదు; 2011లో ఆ కార్యక్రమం ముగిసింది.

స్పేస్‌ఎక్స్ సంస్థ ఫాల్కన్ 9 రాకెట్ మొదటి దశలో 9 ఇంజన్లు, రెండవ దశలో 1 ఉంటాయి. 2015 డిసెంబరులో మొదటి దశ నిలువుగా నేలపై దిగింది. 2017 మార్చిలో, అంతకుముందు దిగిన ఒక దశ రెండోసారి ఎగిరింది. ఇలా 10 ఇంజన్లలో 9 తిరిగి దక్కుతాయి. అయితే దిగడానికి ఇంధనం మిగల్చాలి కనుక మోయగల బరువు కొంత తగ్గుతుంది.

ఈ రెండింటినీ పోల్చి చూడండి. తక్కువ మరమ్మతుతో, తరచుగా ఎగిరినప్పుడే పునర్వినియోగం ఖర్చును తగ్గిస్తుంది.