పేరు కోసం పుట్టినవాడు

కెప్టెన్ మార్వెల్ అనగానే ఇప్పుడు ఎవరికైనా 2019 సినిమాలోని కారల్ డాన్వర్స్ గుర్తొస్తుంది. ఆ సినిమాలో మార్-వెల్ అనే పేరు ఒక సైంటిస్టుకి పెట్టి సరిపెట్టేశారు. ఆ పేరుగల అసలు మనిషి (మనిషి కాదులెండి, క్రీ అనే గ్రహాంతర జాతి సైనికుడు) కథ వేరే. ఆయన పుట్టుక వెనక ఉన్నది ఊహ కన్నా ముందు ట్రేడ్‌మార్క్.

1940లో ఫాసెట్ అనే కంపెనీ ఒక కెప్టెన్ మార్వెల్‌ని తెచ్చింది. ఒక పిల్లాడు మంత్రం లాంటి మాట పలికితే వీరుడైపోతాడు. కొన్నాళ్లు సూపర్‌మ్యాన్‌ని మించి అమ్ముడుపోయాడు కూడా. మా హీరోని కాపీ కొట్టారని సూపర్‌మ్యాన్ హక్కుదారులు కోర్టుకెళ్లారు. ఏళ్ల తరబడి సాగిన ఆ కేసు 1953లో రాజీతో ముగిసింది, ఆ హీరో ఆగిపోయాడు. పేరు ఖాళీగా పడి ఉంది. తన పేరే మార్వెల్ అయిన కంపెనీ దాన్ని ఇంకొకరికి ఎందుకు వదులుతుంది? 1967లో స్టాన్ లీ, జీన్ కోలన్ కలిసి మార్-వెల్‌ని తయారుచేశారు. ట్రేడ్‌మార్క్ నిలవాలంటే ఆ పేరుతో ఏదో ఒకటి అచ్చవుతూ ఉండాలి. మనం సైట్ కట్టకపోయినా ఏటా డబ్బు కట్టి డొమైన్ పేరు అట్టిపెట్టుకుంటాం చూడండి, అలాంటిదే. 1973లో డీసీ పాత హీరోని మళ్లీ తెచ్చినప్పుడు, ఆ పత్రికకి అతని సొంత పేరే పెట్టుకోలేక ‘షజామ్!’ అని వేసుకోవాల్సి వచ్చింది.

తొలి కథలు చప్పగా ఉంటాయి. భూమ్మీదకి గూఢచారిగా వచ్చిన సైనికుడు మన పక్షం చేరడం మంచి ఆలోచనే, నడిపించడమే చేతకాలేదు. 1969లో రాయ్ థామస్, గిల్ కేన్ అతనికి ఎరుపు నీలం దుస్తులు, చేతులకి నెగా బ్యాండ్స్ అనే కడియాలు ఇచ్చారు. రిక్ జోన్స్ అనే కుర్రాడు ఆ కడియాలు ఒకదానికొకటి కొడితే వాళ్లిద్దరూ చోటు మారతారు. పాత కెప్టెన్ మార్వెల్‌లోని పిల్లాడి కిటుకే ఇది. కాపీ అనను, దండం పెట్టడం అంటాను.

1973లో జిమ్ స్టార్లిన్ వచ్చాక అసలు కథ మొదలైంది. ఇయాన్ అనే విశ్వశక్తి మార్-వెల్‌కి ‘కాస్మిక్ అవేర్‌నెస్’ ఇస్తుంది. విశ్వంలో ఎక్కడ ఏం జరుగుతోందో, ఎటునుంచి ప్రమాదం వస్తోందో తెలిసే ఎరుక. అది మేల్కొన్నప్పుడు అతని ముఖం మీద నక్షత్రాలు పరుచుకుంటాయి. యుద్ధమే వృత్తి అయినవాడు రక్షకుడిగా మారతాడు, థానోస్‌తో తలపడతాడు. 1974లో స్టార్లిన్ తన చివరి సంచిక, 34వది, చేశాడు. అందులో నైట్రో అనే విలన్‌తో పోరాటంలో నరాల మీద పనిచేసే విషవాయువు లీకవుతుంటే మార్-వెల్ దాన్ని చేతులతో మూసి పడిపోతాడు. తర్వాత వేరేవాళ్లు రాశారు. పత్రిక 1979లో ఆగిపోయింది.

స్టార్లిన్ తండ్రి క్యాన్సర్‌తో పోయారు. మార్-వెల్‌ని చంపే కథ రాయమని కంపెనీ అడిగినప్పుడు ఆయన ఆ జబ్బునే ఎంచుకున్నాడు, కారణం కోసం తన 34వ సంచికకే వెళ్లాడు. మా భాషలో చెప్పాలంటే, ఉద్యోగం మానేసే రోజు రాసిన కోడ్‌లో ఎనిమిదేళ్ల తర్వాత బయటపడ్డ బగ్. అలా 1982లో మార్వెల్ తొలి గ్రాఫిక్ నవలగా ‘ద డెత్ ఆఫ్ కెప్టెన్ మార్వెల్’ వచ్చింది.

శనిగ్రహపు ఉపగ్రహం టైటాన్ మీద మెంటర్ అనే పెద్దాయన అతనికి జబ్బు సంగతి చెప్తాడు. మార్-వెల్‌కి ముందే తెలుసు. విశ్వమంతా చూడగల ఆ ఎరుక చివరికి ఇచ్చింది ఇదే, డాక్టర్ కన్నా ముందే తన రోగం తెలియడం. ఇన్నాళ్లూ జబ్బుని అదుపులో ఉంచిన కడియాలే ఇప్పుడు వైద్యం ఒంటికి ఎక్కకుండా అడ్డుపడతాయి.

మా పెదనాన్నకి కీమో జరుగుతున్న నెలల్లో ఇది చదివాను. మా ఇంట్లో ఎవరూ ఆ మాట పైకి అనేవారు కాదు, ‘గడ్డ’ అనేవాళ్లు. ఆయనకి తెలియదని మేం అనుకునేవాళ్లం. కథలో రిక్, నువ్వు చావుకి ఇంత తేలిగ్గా ఎలా ఒప్పుకుంటావని మార్-వెల్ మీద కేకలేసి వెళ్లిపోతాడు. నేను కేకలెయ్యలేదు. రాత్రుళ్లు కొత్త మందుల మీద పేపర్లు వెతికి అన్నయ్యకి వాట్సాప్‌లో పంపేవాణ్ణి. పెదనాన్న దగ్గర కూర్చోవడం మాత్రం వాయిదా వేస్తూనే ఉన్నా. రిక్ తిరిగొచ్చి మంచం పక్కన నిలబడ్డ పేజీ దగ్గర చదవడం ఆపేశాను. ఆ శనివారం బస్సెక్కాను.

తర్వాత పూర్తిచేశాను. హీరోలందరూ వరసగా చూడ్డానికి వస్తారు, ఏం మాట్లాడాలో ఎవరికీ తెలియదు. స్పైడర్‌మ్యాన్ తట్టుకోలేక గదిలోంచి బయటికెళ్లిపోతాడు. క్రీలకి తరతరాల శత్రువులైన స్క్రల్‌ల నుంచి ఒకడొచ్చి పతకం ఇస్తాడు. పుస్తకం మొత్తంలో గొప్ప ఘట్టం నాకదే. ఆఖర్న స్పృహ లేని మార్-వెల్ మనసులోకి థానోస్ వచ్చి కొట్లాటకి దిగుతాడు. స్టార్లిన్ అక్కడ కొంచెం వెనక్కి తగ్గాడనిపిస్తుంది. యోధుడికి మంచం మీది చావు సరిపోదన్నట్టు. నాకైతే ఆ మంచమే చాలు.

కామిక్స్‌లో చచ్చినవాళ్లు తిరిగి రావడం మామూలే. మార్-వెల్ విషయంలోనూ దొంగ రూపాలతో, కాసేపటి దర్శనాలతో కొన్ని ప్రయత్నాలు జరిగాయి. ఏదీ నిలవలేదు. పేరు మాత్రం ఖాళీగా లేదు. అదే 1982లో స్పైడర్‌మ్యాన్ వార్షిక సంచికలో మోనికా రాంబో అనే నల్లజాతి యువతి కొత్త కెప్టెన్ మార్వెల్‌గా వచ్చేసింది.